ఊపిరి బద్ద

మా తాతని చూడగానే బస్సు కండక్టర్లు ముందు సీటు ఖాళీ చేయించేవాళ్ళు. తొంభై ఏళ్ళ పండుముసలి అనుకునేవాళ్ళు. ఆయనకి అప్పటికి యాభై దాటి ఎంతో కాలం కాలేదు. ఆ సీటులో కూర్చోవడం తాతకి నామోషీ. అనంతగిరి మలుపులన్నీ నిలబడే ఎక్కి, అరకులో దిగేసరికి ఎవరితోనో ఒకరితో తగాదా పెట్టుకుని ఉండేవాడు. ఆ కోపమే నాకూ వచ్చిందని మా అయ్య అనేవాడు. వస్తే వచ్చింది, ఆ ఇంట్లో నాకు దక్కిన ఆస్తి అదొక్కటే.

మా నాలుగిళ్ళలో అందరూ వయసుకి మించిన ముసలివాళ్ళే. మేము బుట్టలు అల్లేవాళ్ళం. గంపలూ చాటలూ కొండ మీద చాలామంది అల్లుతారు. మేము అల్లేవి నిలవ బుట్టలు. లోపల ఏదైనా పెట్టి మూత కట్టేస్తే అక్కడ పొద్దు ఆగిపోతుంది. పొద్దు అంటే మా ఇళ్ళలో కాలమే. పండిన పనసకాయని పెట్టి వచ్చే వానల్లో తీసినా అదే వాసన, అదే తీపి. కరువు వచ్చినప్పుడు చోడి విత్తనం, సామ విత్తనం మా బుట్టల్లోంచే చుట్టుపక్కల ఊళ్ళకి వెళ్ళేది.

లోపల ఆగిన పొద్దు ఊరికే పోదు. అల్లినవాళ్ళ ఒంట్లోకి వస్తుంది. విత్తనాల బుట్ట చిన్నదైతే నాలుగు తెల్లవెంట్రుకలు, పెద్దదైతే ఒక పన్నో, కంటిచూపులో కొంతో పోయేది. ఎవరు అల్లితే వాళ్ళే మొయ్యాలి. అది మా ఇళ్ళ మొదటి కట్టుబాటు, తాత ఊపిరి పీల్చినంత మామూలుగా ఆ మాట అంటూ ఉండేవాడు. మూత కట్టిన చేతులే దాన్ని విప్పాలి. వేరేవాళ్ళు విప్పితే ఆగిన పొద్దంతా లోపలున్న దాని మీద ఒక్కసారిగా పడుతుంది. మైదానం నుంచి వచ్చిన షావుకారు ఒకడు మా మాట వినకుండా సంతలోనే మూత కోసి చూశాడు. బుట్ట నిండా బూడిద లాంటి పొడి తప్ప ఏమీ లేదు. మేము మోసం చేశామని ఊరంతా తిట్టి వెళ్ళాడు.

అల్లేవాళ్ళు కూడా మనుషులే, పోతారు. అందుకని అంచు దగ్గర ఒక బద్దని బిగించకుండా వదులుగా ఉంచేవాళ్ళం. దాన్ని ఊపిరి బద్ద అనేవాళ్ళం. అందులోంచి లోపలి పొద్దు కాస్త కదులుతూ ఉంటుంది, అల్లినవాళ్ళ మీద బరువు తగ్గుతుంది. వాళ్ళు పోయినా, వాళ్ళ దగ్గర పని నేర్చినవాళ్ళు ఆ బద్దని మెల్లమెల్లగా సడలించి బుట్ట తెరవచ్చు. నాకు మొదట నేర్పింది ఆ బద్ద వదలడమే. పొరపాటున బిగిస్తే అమ్మ వేళ్ళ మీద కొట్టేది.

అమ్మ తమ్ముడు, మా మామ, ఈ పద్ధతి ఒప్పుకోలేదు. మన ఒళ్ళే ఎందుకు అరగదీసుకోవాలి అన్నాడు. బుట్ట అడుగున వేరే ప్రాణి వెంట్రుక కలిపి అల్లితే బరువు ఆ ప్రాణి మీదకి పోతుందని కనిపెట్టాడు. మొదట మేకల మీద చేశాడు. మేకలు ఎన్నాళ్ళు బతుకుతాయి? తర్వాత మనుషుల మీద చేశాడు. అరకులో షెడ్డు వేసుకుని, పట్నం నుంచి వచ్చే హోటళ్ళ వాళ్ళకి బుట్టలు అల్లించేవాడు. మామనీ అతని వెంట వెళ్ళినవాళ్ళనీ కొత్త చెయ్యి అనేవాళ్ళు. మా నాలుగిళ్ళూ పాత చెయ్యిగా మిగిలిపోయాయి. తాత కొడుకు పేరు ఎత్తడం మానేశాడు. ఇంట్లో ఎవరైనా ఎత్తితే తాగుతున్న అంబలి అక్కడే వదిలేసి లేచిపోయేవాడు.

తొంభైల నడుమ ఒక వానాకాలం కొండలన్నీ జ్వరాలతో పడుకున్నాయి. ఇంటికొకరు వణుకుతూ ఉండేవారు. మా చెల్లి నాకంటే అయిదారేళ్ళు చిన్నది. మా వైపు అక్కని అప్ప అంటాం. ఆ గుంట పొద్దున లేచిన దగ్గర్నుంచి అప్పా అప్పా అంటూ నా లంగా పట్టుకుని తిరిగేది. నీళ్ళకని గెడ్డకి వెళ్తే గెడ్డకి, అడ్డాకులకి వెళ్తే అడవికి. ఒక్కోసారి విసుగొచ్చి చెట్టు చాటున దాక్కునేదాన్ని. ఏడవడం మొదలుపెట్టాక బయటికి వచ్చేదాన్ని, అదొక సరదా మాకు.

జ్వరం వచ్చిన మూడో నాటికి చెల్లి మనిషిని గుర్తుపట్టడం మానేసింది. అయ్య మాత్రల కోసం బయల్దేరాడు. డోలీ కట్టి దించుదామంటే గెడ్డ పొంగి ఉంది. ఒంటరి మనిషి తాడు పట్టుకుని దాటగలడేమో గానీ డోలీ దాటదు. అయ్య వెళ్ళిన మర్నాడు మధ్యాహ్నం చెల్లి కాళ్ళూ చేతులూ కొట్టుకోవడం మొదలుపెట్టింది. పళ్ళు బిగుసుకుపోయాయి. అమ్మ దాని నోట్లో గుడ్డ పెట్టి, ఒళ్ళో పడుకోబెట్టుకుంది. తర్వాత నన్ను పట్టుకోమని చెప్పి, కత్తి తీసుకుని వానలోకి వెళ్ళింది.

వానల్లో వెదురు కొట్టకూడదు. చలికాలం కొట్టి, పొయ్యి మీద అటకన పొగ పట్టించిన వెదురే నిలవ బుట్టకి పనికొస్తుంది. పచ్చి వెదురుకి పురుగు పడుతుంది. అటక మీద ఉన్న వెదురు పెద్ద బుట్టకి చాలలేదు. అమ్మ పచ్చివి తెచ్చి, చీల్చి, గుడిసె నడిమధ్యన కూర్చుని అల్లింది. మనిషిని పెట్టే బుట్ట అల్లడం నేను ఎప్పుడూ చూడలేదు. ఎవరూ అల్లరని తర్వాత తెలిసింది. గింజని నిలపడం వేరు, మనిషిని నిలపడం వేరు. అమ్మకి అది తెలుసు. చెల్లిని ముడుచుకున్నట్టు పడుకోబెట్టి, పాత చీర కప్పి, మూత పెట్టి అంచు కట్టడం మొదలుపెట్టింది. చివరికి ఊపిరి బద్ద దగ్గరికి వచ్చి ఆగింది. నా వేళ్ళ మీద అన్నిసార్లు కొట్టిన మా అమ్మ, ఆ బద్దని పంటితో పట్టి లాగి బిగించేసింది.

పొరుగూరు వెళ్ళిన తాత మర్నాడు తిరిగొచ్చాడు. బుట్ట చుట్టూ అంచు మీద వేలితో రాస్తూ వెళ్ళాడు. మళ్ళీ మొదటి నుంచి రాశాడు.

"బద్ద ఏదే?" అన్నాడు.

"ఒగ్గనేదు."

"ఎందుకొగ్గనేదు?"

"ఒగ్గితే జ్వరం కూడా నడుత్తాది కదా అయ్యా. గుంట అప్పటికే కొట్టుకుంతన్నాది. కాసింత పొద్దు కూడా దాని మీద నడవనీకూడదు. మాత్రలొచ్చీదాకా."

తాత గోడకి చేరబడి కూర్చున్నాడు. కూతుర్ని తిట్టని రోజు అదొక్కటే నేను చూసింది.

మాత్రలు రెండు రోజుల్లో వచ్చి ఉంటే అమ్మ లెక్క సరిపోయేదే. అయ్య గెడ్డ దాటాడు, ఆసుపత్రికి చేరాడు, అక్కడే జ్వరంతో పడిపోయాడు. తెలివి వచ్చి, నడవగలిగి, రోడ్డు తెరుచుకుని ఇంటికి వచ్చేసరికి వానలు తగ్గుముఖం పట్టాయి. ఈలోపు బుట్ట బరువంతా అమ్మ మీద పడింది. ఎక్కడా కారే దారి లేదు కదా. రోజుకొక రకంగా మారిపోయేది. ముందు జుట్టు, తర్వాత పళ్ళు, తర్వాత నడుము. నేను తల దువ్వుతుంటే వెంట్రుకలు దువ్వెనతో పాటు వచ్చేసేవి. ముప్పై ఏళ్ళ మనిషి తాతకి తల్లిలా అయిపోయింది.

అయ్య మాత్రల పొట్లం పట్టుకుని గుమ్మంలోకి వచ్చి, పొయ్యి దగ్గరున్న ముసలామెని చూసి, ఎవరమ్మా మీరు అని అడిగాడు. ఆ మాట ఆయన్ని చచ్చేదాకా పీకింది. అమ్మ మాత్రం నవ్వింది. "బేగి ఇటియ్యి" అని బుట్ట దగ్గరికి పాకింది.

విప్పలేకపోయింది. అంచు కట్టు విప్పాలంటే కట్టిన వరసకి తిరగేసి, కట్టినంత బలంతో లాగాలి. అమ్మ వేళ్ళు కొంకర్లు పోయి ఉన్నాయి. మొదటి ముడి దగ్గరే గోరు విరిగింది. మేము చెయ్యి వెయ్యడానికి వీల్లేదు. వేరే చెయ్యి సాయం పడితే బరువు చెల్లి మీద పడుతుంది. అయ్య, తాత, నేను ముగ్గురం చుట్టూ కూర్చుని చూస్తూ ఉండేవాళ్ళం. రోజూ పొద్దున్నే అమ్మ వేడినీళ్ళలో చేతులు నానబెట్టుకుని బుట్ట ముందు కూర్చునేది, చీకటి పడ్డాక నేను ఎత్తుకెళ్ళి పడుకోబెట్టేదాన్ని. ఎంత తేలికగా ఉండేదో. కొన్ని ముడులు విప్పింది. సగం కూడా కాలేదు. చైత్రంలో ఇటుకల పండగకి డప్పులు మోగుతున్నప్పుడు, బుట్ట మీద తల వాల్చి పోయింది.

పాత చెయ్యి కట్టుబాటు ప్రకారం, తెరవడానికి దారి లేని బుట్టలు అల్లినవాళ్ళ శవంతో పాటు గెడ్డ అవతల గట్టు మీదకి మోసుకెళ్ళి బండల కింద వదిలెయ్యాలి. తాత వచ్చి ఆ మాట చెప్పాడు. వచ్చింది కూతురి కోసం, మనవరాలి కోసం, ఇద్దరికీ కలిపి ఒకే ఏడుపు ఏడవడానికి సిద్ధపడి వచ్చాడు. అయ్య గొడ్డలి తీసుకుని గుమ్మంలో కూర్చున్నాడు. నేను బుట్టని కావిలించుకుని కూర్చున్నాను. అమ్మని మాత్రమే తీసుకెళ్ళారు. ఆ రోజు నుంచి మిగతా మూడిళ్ళవాళ్ళు మాకు నిప్పు ఇవ్వలేదు, మా కడవ తగిలిన చోట నీళ్ళు పట్టుకోలేదు. తాత ఇల్లు మా ఇంటికి ఎదురే. ఆయన వాకిట్లో కూర్చుని అల్లుతూ ఉండేవాడు, నేను మా వాకిట్లో కూర్చుని అల్లేదాన్ని. మాటలు లేవు. నా అల్లికలో తప్పు పడితే మాత్రం గట్టిగా దగ్గేవాడు. నేను ఊడదీసి మళ్ళీ అల్లేదాన్ని. ఒళ్ళు మండిపోయేది.

ఏళ్ళు గడిచాయి. కొండకి కాఫీ తోటలు వచ్చాయి, వాటి నీడకి పెంచిన చెట్ల మీద మిరియాల తీగలు పాకాయి. గెడ్డ మీద వంతెన కట్టారు. ఊళ్ళోకే వచ్చి రక్తం చూసి మాత్రలిచ్చే మనిషి వచ్చింది. ఇంకొంచెం ముందు వచ్చుంటే ఏం పోయేది వీళ్ళకి అని ఆమె మొహం చూసినప్పుడల్లా అనుకునేదాన్ని. పాపం, ఆమె తప్పేం లేదు. బుట్ట గుడిసె మూలన అలాగే ఉంది. అమ్మ పోయాక గడిచిన పొద్దుని మోసేవాళ్ళు లేక అదంతా బుట్టలోనే పేరుకుంటోందని నాకు తెలుసు. నేను పెద్దమనిషినయ్యాను, ఇరవై దాటాను. అయ్య కామెర్లతో పోయాడు. చెల్లి ఆ చీర కింద ఇంకా పాలపళ్ళతోనే ఉంది.

ఒక చలికాలం ఇల్లు ఊడుస్తుంటే బుట్ట కింద పిండి లాంటిది కనిపించింది. పచ్చి వెదురుకి పట్టాల్సిన పురుగు పట్టింది. ఏ బద్ద తెగినా అన్నేళ్ళూ చెల్లి మీద పడతాయి, ఆ జ్వరంతో సహా. వేపనూనె పూశాను, పొగ పెట్టాను. మర్నాటికి మళ్ళీ పిండి రాలింది.

అరకు వెళ్ళాను మామ దగ్గరికి. షెడ్డు బయట ఒక ముసలామె ఎండలో కూర్చుని బఠాణీలు తింటోంది. తలంతా ముగ్గుబుట్ట. నన్ను చూసి నవ్వితే పళ్ళన్నీ తెల్లగా, గట్టిగా ఉన్నాయి.

"నాకెన్నేళ్ళుంతాయో సెప్పు సూద్దాం" అంది.

నేను ఆ పళ్ళ వంకే చూస్తుంటే, "నీ ఈడుదాన్నే" అని ఇంకొన్ని బఠాణీలు నోట్లో వేసుకుంది. ఆమె వెంట్రుకలు మామ అల్లించే బుట్టల్లోకి వెళ్తున్నాయి. ఇంటి దగ్గర ఎవరూ లేరట, ఇక్కడ తిండి బాగుందట. మా తాత ఎందుకు కొడుకుని వదులుకున్నాడో ఆ గుమ్మంలో అర్థమైంది. అర్థమైనా లోపలికి వెళ్ళాను. వేరే దారి లేదు.

మామ బుట్ట చూడడానికి వచ్చాడు. వస్తూ ఆ తెల్లజుట్టు అమ్మాయిని కూడా జీపులో తీసుకొచ్చాడు. అంచు చుట్టూ వేలితో రాశాడు, అచ్చం తాతలాగే. అడుగున కొత్త బద్దలు దూర్చి, వాటిలో వెంట్రుక కలిపి అల్లి, తర్వాత అంచు కోస్తే పడాల్సిన పొద్దు వెంట్రుక ఇచ్చిన మనిషి మీదకి మళ్ళుతుందన్నాడు. పట్టి ఆపుతూ ఉన్నవాళ్ళనే అది అమ్మని తిన్నట్టు తింటుంది, ఆగిపోయిన పొద్దు మాత్రం ఎన్నేళ్ళయితే అన్నేళ్ళే పడుతుందట. ఆ అమ్మాయి తలగుడ్డ విప్పుతోంది.

"ఆయమ్మిది ఒద్దు. నాది ఎట్టు" అన్నాను.

"నీకేటి తెలుసు? పదేళ్ళు ఒక్కపాలి పడతాయి. పెళ్ళి కావలసిన గుంటవి."

"నాది ఎట్టమన్నాను కదా మామా."

మామ తన వెంట్రుక ఇస్తానని అనలేదు. నేను అడగలేదు. ఆ అమ్మాయి తలగుడ్డ మళ్ళీ కట్టుకుని, నా వంక వింతగా చూసి, వెళ్ళి జీపులో కూర్చుంది.

తాత వాకిట్లోంచి లేచి వచ్చి మా గుమ్మం బయట నిలబడ్డాడు. అమ్మ పోయిన రోజు తర్వాత మళ్ళీ అదే రావడం. కొడుకు వైపు చూడలేదు.

"ఒద్దే" అన్నాడు నాతో.

"పురుగు పట్టింది తాతా. బుట్ట ఉండదు."

"తెలుసు. పిండి వాసన నాకు తగల్లేదేటి? ఇయ్యాల నువ్వు ఇష్టపడి మోత్తావు. అది సూసి రేపు ఇంకోడు, ఇష్టం నేనోడి సేత మోయిత్తాడు. మన ఇళ్ళల్లో ఒకరి బరువు ఇంకొకరి మీదికి ఎల్లనేదు ఇన్నాళ్ళూ. అదొక్కటే మిగిలింది మనకి."

ఆయన చెప్పింది అబద్ధం కాదు. ఆ నిజం జీపులో కూర్చుని ఉంది. "మరి గుంటని ఏటి సెయ్యమంతావు?" అని అడిగాను. తాత కొంగుతో కళ్ళొత్తుకున్నట్టు భుజమ్మీది తువ్వాలుతో మొహం తుడుచుకుని, తన వాకిట్లోకి వెళ్ళి మాకు వీపు పెట్టి కూర్చున్నాడు. ఆ తర్వాత బతికినన్నాళ్ళూ నాతో మాట్లాడలేదు. నా పనిలో తప్పుకి దగ్గడం కూడా మానేశాడు.

నా జడ మొదలంటా కోసి ఇచ్చాను. మామ పని మంచి పని, అది ఒప్పుకోవాలి. ఎండ గుమ్మంలోకి వచ్చే వేళకి అడుగు అల్లిక పూర్తయింది. నేను మాత్రలు పొడి చేసి తేనెలో కలిపి, నీళ్ళ చెంబు దగ్గర పెట్టుకున్నాను. అంచు మీద కత్తి పడింది.

నొప్పి అని చెప్పలేను. పెద్ద మోపు నెత్తికెత్తితే మెడలోంచి మోకాళ్ళలోకి దిగుతుంది చూడండి, అలా దిగింది, ఇంకా దిగుతూనే ఉంది. చేతుల మీద చర్మం కాస్త సడలడం చూశాను. కళ్ళ కింద ఏదో బరువు వచ్చి కూర్చుంది. నా పెళ్ళీ, నా పిల్లలూ, నేను చెయ్యాల్సిన అల్లరీ ఆ కాసేపట్లోనే అయిపోయాయి, ఒక్కటీ చూడకుండా. ఏడుపొచ్చింది. ఏడవడానికి తీరిక లేదు, లోపల చెల్లి కాళ్ళు కొట్టుకుంటోంది.

మందు నోట్లో పోశాను, పళ్ళు తెరిచి పట్టుకుని. ముందే పిలిపించి ఉంచిన రక్తం చూసే మనిషి సూది వేసింది. తడిగుడ్డలు మారుస్తూ ఒళ్ళో పెట్టుకు కూర్చున్నాను. ఆ రోజూ మర్నాడూ అది కళ్ళు తెరవలేదు. మూడోనాడు పొద్దున చెమట పట్టింది. కళ్ళు తెరిచి నా మొహంలోకి చాలాసేపు చూసింది.

"అమ్మా, దాహమేస్తంది" అంది.

నీళ్ళు తాగించాను. మా అమ్మ బుట్ట కట్టిన నాటి వయసులో ఉన్నాను నేను. గుడిసెలో అద్దం లేదు గానీ, దాని చూపులోనే కనిపించింది. తాగి, పెదాలు తుడుచుకుని, తల అటూ ఇటూ తిప్పి ఇల్లంతా వెతికింది.

"అప్ప ఏదే?" అంది.

"సంతకెళ్ళింది" అన్నాను.

"నన్నొగ్గేసి ఎల్లిపోనాదా?"

"నీకు జ్వరం కదా."

కాసేపు అలిగి గోడ వైపు తిరిగింది. నిద్ర పట్టిందనుకుని దుప్పటి సర్దుతుంటే మళ్ళీ ఇటు తిరిగింది.

"బేగి రమ్మను" అంది.

రమ్మంటానని చెప్పాను.